వాగు సారు గొంతు

ఆ ఏడు మాఘమాసంలో, గోదావరి చెన్నూరు దగ్గర సన్నబడి ఇసుక మధ్య పాయలుగా పారుతున్న రోజుల్లో, మా అన్న గదిలోకి ఒక సినిమా నటుడు దిగాడు.

పేరు తాలివాల్దిస్ స్ట్రౌత్స్. లాత్వియా వాడు. అది 1975. అప్పుడు లాత్వియా సోవియట్ యూనియన్‌లో ఒక భాగం. అక్కడి రీగా పట్నం వాళ్లు బొంబాయి కంపెనీ ఒకదానితో కలిసి సినిమా తీస్తున్నారు. వందేళ్ల కిందట గోదావరిని కొలవడానికి వచ్చిన ఇంగ్లీషు సర్వేయరు ఒకడు జ్వరం తగిలి, తిరిగి పోలేక, చివరికి ఈ నీళ్లలోనే కలిసిపోయే కథ. స్ట్రౌత్స్‌ది ఆ సర్వేయరు వేషం. నేను హైదరాబాదులో రష్యన్ డిప్లొమా చదివి అప్పుడే ఇంటికి వచ్చి ఉన్నాను. చుట్టుపక్కల ఆ భాష వచ్చినవాళ్లు ఎవరూ దొరకక నన్నే దుబాసీగా పెట్టుకున్నారు.

మిగతావాళ్లంతా రేవు పక్క మామిడితోటలో డేరాలు వేసుకున్నారు. నటుడికి మాత్రం నిశ్శబ్దంగా ఉండే గది కావాలన్నారు. మా ఇంట్లో విడిగా మెట్లున్న గది ఒక్కటే ఉంది. అది అన్నది.

"గా గది ఎట్లిస్తం బాపూ?" అన్నాను మా నాయన జనార్దన్‌రావుతో.

బాపు మాట్లాడకముందే వంటింట్లోంచి అవ్వ, మా అమ్మ, అంది: "ఉండనియ్యుండ్రి. వాడు వచ్చేదాక గదిల మనిషి మసులుతుంటె మంచిదే."

వాడు వచ్చేదాక. అప్పటికి అన్న పోయి అయిదేళ్లు దాటింది.

మా అన్న బాలకిషన్‌రావు. అరవై తొమ్మిదిలో తెలంగాణ కావాలని పిల్లలంతా పరీక్షలు మానేసి రోడ్ల మీదికి వచ్చినప్పుడు వాడూ వచ్చాడు. "పరీక్ష రాసేదాక గడప తొక్కకు" అని బాపు కబురు పంపాడు. శ్రావణంలో ఒక రాత్రి, వరద మీద ఉన్న గోదావరిని మంథని ఒడ్డు నుంచి ఇంటివైపు దాటబోయాడు. పడవ నడిపే రాయమల్లుకు తెల్లవారి ఆ ఒడ్డున వాడి చెప్పులు దొరికాయి. మనిషి దొరకలేదు. చాందాలో చూశామని ఒకరు, నాగపూరులో చూశామని ఒకరు చెప్తూ వచ్చారు. అవ్వ ఆ మాటల మీదే బతికింది.

ఆ మాఘంలోనే బాపు పాలాశ విధి మాట ఎత్తాడు. శవం దొరకనివాళ్లకు మోదుగాకులతో మనిషి ఆకారం చేసి దహనం చేస్తారు. ఆ తర్వాతే కర్మ, ఆ తర్వాతే ఏటేటా పోయినవాడి దాహం తీర్చే నీళ్లు.

"వాడు దూపతోని తిరుగుతుండు జానకీ" అన్నాడు బాపు.

"బతికున్నోనికి నీళ్లిడుస్తరా?" అంది అవ్వ. గొంతు పెంచలేదు. "మీరు గా పని చేసిన్నాడు నేను ఈ ఇంట్ల ఉండ. ధర్మపురిల మా తమ్ముని ఇంటికి పోత. మల్ల రాను."

అలాంటి ఇంట్లోకి వచ్చాడు ఆయన. తాటిచెట్టంత పొడుగు, మొక్కజొన్న పీచు రంగు జుట్టు, నీళ్లలో కడిగినట్టున్న కళ్లు.

వచ్చిన రోజే రాయమల్లు ఆయన సామాను మోస్తూ, ఆ పేరు నోరు తిరగక, అర్థమేమిటో అడగమన్నాడు. అడిగాను.

"స్ట్రౌత్స్ అంటే చిన్న నీటిపాయ. అడవిలో పారుతుంది" అన్నాడాయన.

"అంటె వాగు!" రాయమల్లు మొహం విప్పారింది. "గట్ల చెప్పరాదా అమ్మా. వాగు సారు."

పొద్దుగూకేసరికి ఊరంతా వాగు సారే. ఆయన మాత్రం వారం గడిచినా అవసరానికి తప్ప నోరు విప్పలేదు. తెల్లవారుజామున మంచు నది మీద పరుచుకుని ఉండగా ఇసుకలోకి నడిచిపోయేవాడు. మోకాళ్లదాకా తెల్లటి పొగ, ఆ పైన ఒక మనిషి. దూరం నుంచి చూస్తే నడుస్తున్నట్టుండేది కాదు, తేలుతున్నట్టుండేది. అవ్వ వాకిట్లో నిలబడి ఆ ఆకారం కనుమరుగయ్యేదాకా చూసేది.

"పెదివి ఇప్పని మనిషికి వాగు సారని పేరు పెట్టిండ్రు" అని ఒకరోజు నవ్వింది. అవ్వ నవ్వు విని చాలా కాలమైంది. నేను పని ఉన్నదానిలా లోపలికి పోయాను.

*

ఒక సాయంత్రం బాపు వసారాలో కుర్చీలు వేయించాడు. సినిమావాడు ఇంట్లో ఉంటే అడగకుండా ఉండలేకపోయాడు.

"మునుపు ఏమేం వేషాలు కట్టిండో అడుగు బిడ్డా."

వాగు సారు వేళ్లు మడుస్తూ చెప్పాడు. "మాస్కో వాళ్లకు జర్మన్ ఆఫీసరు కావాలి. లెనిన్‌గ్రాద్ వాళ్లకు అమెరికన్ గూఢచారి కావాలి. కియెవ్ వాళ్లకు ఇంగ్లీషు ప్రభువు కావాలి. అప్పుడు రీగాకు కబురు చేస్తారు. మా ముఖాలు పరాయివాళ్ల ముఖాల్లా ఉంటాయట. మొదటి సినిమాలో నేను ఊరు తగలబెట్టమని చేయి చూపిస్తాను. అంతే వేషం. చేయి బాగా చూపించానని తర్వాతి సినిమాలో లెఫ్టినెంటును చేశారు. నిరుడు కర్నలయ్యాను. అయిపోయిన యుద్ధంలో ఇరవై ఏళ్లుగా నాకు ప్రమోషన్లు వస్తూనే ఉన్నాయి."

బాపు పెద్దగా నవ్వాడు. తర్వాత, "అసలు యుద్ధంల ఏడున్నడట?" అని అడిగాడు.

"పదేళ్లవాణ్ణి. ఆ కోట్లు వేసుకున్నవాళ్లే మా నాన్నను బండి ఎక్కించుకుని పోయారు. మళ్లీ రాలేదు. సినిమా కోసం మొదటిసారి ఆ కోటు తొడిగినప్పుడు గుండీలు పెట్టుకోవడానికి నా వేళ్లు ఆడలేదు. తర్వాత అలవాటైంది."

నేను చెప్తుంటే బాపు నవ్వు ఆరిపోయింది. ఎదురుగా గోదావరి మీద వెలుగు ఇంకా పోలేదు. ఇసుక తిన్నెలు పసుపు రాసినట్టున్నాయి.

"ఎప్పటికి చెడ్డోని వేషమేనా?"

"ఎప్పుడూ."

బాపు తల ఊపాడు. "మా ఇంట్ల గూడ గా వేషం ఒకటున్నది. అది నాది. చెప్పు బిడ్డా."

నేను తల వంచుకున్నాను. వాగు సారు నా వంక చూశాడు. "ఏమన్నారు?"

"చెప్పు" అన్నాడు బాపు.

చెప్పాను. అన్న సంగతి కూడా చెప్పాల్సి వచ్చింది. ఆయన అంతా విని, తన కాళ్ల వైపు చూసుకుంటూ అన్నాడు: "ఆ వేషంలో పొడుగు బూట్లుంటాయి. వాటిని ఎవరికి వాళ్లు విప్పుకోలేరు. ఎదురుగా ఇంకొకరు కూర్చుని లాగాలి."

 లోపల అవ్వ గాజుల చప్పుడు వినబడుతోంది. చాలాసేపు ఇద్దరూ ఆ చప్పుడే విన్నారు.

*

షూటింగు లేని మధ్యాహ్నాల్లో వాగు సారు వెనక వాకిట్లో పీట వేసుకుని కూర్చోవడం మొదలుపెట్టాడు. అవ్వ జొన్నరొట్టెలు కొడుతుంటే ఆ చేతుల్నే చూసేవాడు. పెనం మీది రొట్టె తీసి చేతికిస్తే, వేడికి ఇటూ అటూ ఎగరేసుకుంటూ తినేవాడు. వాళ్లిద్దరి మధ్య నా అవసరం లేకుండానే చాలా మాటలు నడిచేవి. ఉప్పు కావాలంటే ఉప్పు అందేది.

ఆ రోజు అవ్వే అడిగింది. "నీకు అవ్వ ఉన్నదా?"

ఉంది. సముద్రం ఒడ్డున పల్లెలో ఉంటుంది. చేపలు పొగబెట్టి అమ్ముతుంది.

"నీ సినిమాలు చూస్తదా?"

ఆయన నవ్వాడు. "నేను దాదాపు ప్రతి సినిమాలోనూ చస్తాను. ఊళ్లో నా సినిమా మొదటిసారి వేసినప్పుడు మా అమ్మను అందరికంటే ముందు కూర్చోబెట్టారు. చివర్లో నన్ను కాల్చేస్తారు. ఊరు ఊరంతా ఆమె వంక చూసింది. ఆమె పొద్దుతిరుగుడు గింజలు ఒలుచుకుంటూ కూర్చుంది. 'ముఖం మావాడిదే. గొంతు మావాడిది కాదు. ఆ చచ్చినవాడెవడో నాకు తెలియదు' అంది."

"గొంతు కాకపోవుడేంది?" అవ్వ చేయి పిండి మీద ఆగింది.

"నా రష్యన్‌లో యాస ఉంది. అందుకని నేను పెదవులు కదిలిస్తాను, మాస్కోలో ఎవరో మాట్లాడతారు. ఇన్ని సినిమాలు చేశాను, ఒక్కదానిలోనూ నా గొంతు లేదు." ఆయన పీట ముందుకు జరుపుకున్నాడు. "ఈ సినిమా వేరు. మా స్టూడియో వాళ్లు ఇంగ్లీషువాడి మాటలన్నీ మా భాషలోనే ఉంచుతామన్నారు. మొదటిసారి నా గొంతుతో చస్తాను. మా అమ్మ ఈ సినిమా చూడకూడదని ఉంది. చూడాలనీ ఉంది."

పెనం మీద రొట్టె మాడుతోంది. నేను తీయబోతే అవ్వ నా చేయి పట్టుకుంది.

"మీ అవ్వకు ఎరుకే" అంది ఆయనతో. "గొంతు ఇననిది ఎట్ల నమ్ముతరు? గా రాత్రి నేను పండలే. ఎందుకో నిద్రపట్టలే. గీ దర్వాజల్నే కూసున్న. మా ఇల్లు రేవుకు గింత దూరం. నీళ్లల్ల పోయేటోడు 'అవ్వా' అని పిల్వడా? పిలిస్తే నాకు ఇనబడదా? పిల్వలే. పిల్వలేదంటె పోలేదన్నట్టే గద."

అయిదేళ్లలో ఆ మాట ఆమె బాపుతో అనలేదు, నాతో అనలేదు. మొదటిసారి అంటోంది, అదీ ఒక పరాయి దేశస్థుడితో. నేను దాన్ని రష్యన్‌లోకి తిప్పాలి. 'అవ్వా' అన్న ఒక్క మాటను మాత్రం తిప్పలేదు. అలాగే ఉంచి చెప్పాను.

ఆయన ఏదో అనబోయాడు. అనకుండా, మాడిన రొట్టెను తానే తీసుకుని తిన్నాడు.

*

మాఘం వెళ్లి ఫాల్గుణం వచ్చేసరికి అవతలి అడవి ఎర్రబడింది. మోదుగలు ఆకు రాల్చి, కొమ్మ కొమ్మకూ పూసి, నది మీది గాలికి మంట లేని నిప్పులా కదిలేవి. ఆ ఎరుపు నీళ్లలో కూడా పడేది. సర్వేయరు మునిగిపోయే సన్నివేశం ఆ ఎరుపులో తీయాలని డైరెక్టరు ఇన్నాళ్లూ కాచుకున్నాడు.

నది అంతా సన్నబడ్డా రాళ్లగుండు దగ్గర మడుగు మాత్రం లోతు. ఊరంతా ఒడ్డున చేరింది. అవ్వ ఏనాడూ షూటింగుకు రాలేదు, ఆ రోజు వచ్చింది. కొంగు తల మీదుగా కప్పుకుని నా పక్కన నిలబడింది.

వాగు సారు బట్టలతోనే నీళ్లలోకి నడిచాడు. నడుము లోతు, రొమ్ము లోతు. గడ్డం మునిగేముందు తల వెనక్కి వాల్చి గట్టిగా ఒక కేక పెట్టి లోపలికి పోయాడు. నీళ్లు మూసుకున్నాయి. అవ్వ నా మణికట్టు పట్టుకుంది. ఆయన గుండు వెనకనుంచి లేచి, జుట్టు విదిలించుకుంటూ వచ్చాడు.

డైరెక్టరుకు నచ్చలేదు. కేక ఇంకా పెద్దగా కావాలన్నాడు.

"మునిగేవాడు అలా అరవడు" అన్నాడు వాగు సారు.

"మునిగేవాడు టికెట్టు కొనడు. కొన్నవాడు చివరి వరసలో కూర్చుంటాడు. వాడికి వినబడాలి" అన్నాడు డైరెక్టరు.

మళ్లీ దిగాడు. మళ్లీ అరిచాడు. మళ్లీ మళ్లీ. ప్రతిసారీ నీళ్లు మూసుకోవడం, మేమంతా ఊపిరి బిగపట్టడం, గుండు వెనక తల లేవడం. చివరిసారి తల లేవడం ఆలస్యమైంది. రాయమల్లు పడవలోంచి దూకేశాడు. దూకినవాడి పక్కనే వాగు సారు పైకి వచ్చి, దగ్గుతూ, చేయి ఊపాడు. ఒడ్డున జనం ఈలలు వేశారు.

నేను అవ్వ వైపు చూశాను. ఆమె ముఖం వెలిగిపోతోంది.

"ఇన్నవా బిడ్డా?" అంది. "మడుగుల నుంచి ఎంత మంచిగ ఇనబడ్డది! ఇంటిదాక ఇనబడి ఉంటది. నేను చెప్పలే? మునిగేటోడు అరుస్తడు."

అదే మాట దారిపొడుగునా చెప్పింది. ఇంటికి పోయి బాపుతో చెప్పింది. బాపు ఆమె వైపు ఎంతో జాలిగా చూసి, లేచి బయటికి పోయాడు. ఆ సాయంత్రం అవ్వ అన్న బట్టలన్నీ తీసి ఉతికి ఎండేసింది.

తీగ మీది చొక్కాలు చూసి వాగు సారు నన్ను అడిగాడు, ఇవాళ మీ అమ్మ ఎందుకంత సంతోషంగా ఉంది అని. చెప్పాను. ఆయన తడి జుట్టు తుడుచుకుంటున్న తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకుని అలాగే ఉండిపోయాడు.

*

హోళీకి ముందు బొంబాయి నుంచి కబురు వచ్చింది. లాత్వియన్ మాట వద్దన్నారట మాస్కోలోని పైవాళ్లు. సినిమా అంతటా రష్యన్‌లోనే ఆడుతుంది. ఇంగ్లీషువాడి మాటలు మాస్కో నటుడు ఒకాయన చెప్తాడు. డైరెక్టరు ఈ సంగతి చెప్పేటప్పుడు వాగు సారు భుజం మీద చేయి వేశాడు. వాగు సారు "అలాగే" అన్నాడు. అంతే అన్నాడు. పొద్దంతా మిగిలిన షాట్లు చేశాడు, నవ్వమన్నచోట నవ్వాడు. పని అయిపోయాక అందరూ డేరాలకు పోతే తను ఇసుకలోనే కూర్చుండిపోయాడు.

అవ్వ అన్నానికి పిలుచుకు రమ్మని నన్ను పంపింది. నేను పోయి పిలిచాను. లేవలేదు. తిరిగి వచ్చి జరిగింది చెప్పాను. అవ్వ చేతులు కడుక్కుని తనే బయల్దేరింది. ఎందుకు పోతోందో అర్థంకాక బాపు కూడా మా వెనక వచ్చాడు.

సూర్యుడు దిగిపోయాడు గానీ వెలుతురు ఇంకా ఇసుకను వదల్లేదు. నది చప్పుడు చేయకుండా పోతోంది. రాయమల్లు దూరంగా పడవ కట్టేస్తున్నాడు. అవ్వ వాగు సారు ఎదురుగా, నీళ్ల అంచున కూర్చుంది.

"నీ మాట మల్ల ఎవరో మాట్లాడుతరట గద?"

"అవును."

"గయితె గా మాటలు నాకు చెప్పు. నీ భాషల్నే చెప్పు. ఎవరో ఒకరం ఇనాలె గద. నేను ఇంట."

నేను చెప్పాను. ఆయన ఆమె వైపు తిరిగి కూర్చున్నాడు. తర్వాత నాతో అన్నాడు: "నేను చెప్పేది మడుగు దగ్గర పెట్టిన కేకలా ఉండదని మీ అమ్మకు చెప్పండి. ఆమె వద్దంటే చెప్పను."

అవ్వ విన్నది. చేత్తో ఇసుక సమంగా చేస్తూ ఆలోచించింది. "ఉన్నదున్నట్టు చెప్పుమను" అంది.

ఆయన లేవలేదు. చేతులు ఆడించలేదు. కూర్చున్నచోటనే మాట్లాడడం మొదలుపెట్టాడు. నాకు ఆ భాష రాదు. కథ తెలుసు కాబట్టి, సర్వేయరు జ్వరంలో నదితో మాట్లాడే చోటని మాత్రం తెలిసింది. రష్యన్‌లో పొడిపొడిగా, తప్పు చేస్తున్నట్టు మాట్లాడే మనిషి, తన భాషలోకి దిగేసరికి ఇంకెవరో అయిపోయాడు. ఆ గొంతు ఎక్కడ దాగుందో ఇన్నాళ్లూ! కొంచెం బొంగురుగా, లోపల వెచ్చగా, రాళ్లమీద పారి వచ్చినట్టుంది. ఒకచోట పరాచికమాడాడు. ఒకచోట ఎవరినో బతిమాలాడు. మధ్యలో లేచి, మాట్లాడుతూనే పక్కనున్న పాయలోకి నడిచాడు. అది పిక్కలోతు. అందులోనే కూర్చుని, మెల్లగా వెనక్కి వాలాడు. నీళ్లు చెవులదాకా వచ్చాయి. కళ్లు ఆకాశం వైపు తెరిచే ఉన్నాయి.

అవ్వ మోకాళ్ల మీద జరిగి ఆయన తల పక్కకు పోయింది.

పెదవులు ఒక్కసారి కదిలాయి. నేను దగ్గర్లోనే ఉన్నాను. నాకు ఏమీ వినబడలేదు. నా వెనక నిలబడ్డ బాపుకు అసలే వినబడి ఉండదు. అవ్వ ఒక్కతే విన్నది.

ఆయన లేచి కూర్చున్నాక అవ్వ నన్ను అడిగింది: "మాతె అన్నడు. అమ్మా అనేనా?"

అడిగాను. "అవును. మా భాషలో అమ్మను మాతె అంటాం."

"గింత మెల్లగనా? చెవి పక్కకున్నా ఇనీ ఇనబడనట్టు?"

ఆయన గడ్డం మీదినుంచి నీళ్లు కారుతున్నాయి. "చిన్నప్పుడు సముద్రంలో నేను నిజంగానే మునిగాను. మా అమ్మ ఒడ్డునే వల దులుపుతోంది. పిలిచాను. నాకు తెలిసినంతలో గట్టిగానే పిలిచాను. ఆమె తల తిప్పలేదు. పక్క పడవవాడు చూసి లాగాడు కాబట్టి బతికాను. నోట్లో నీళ్లు నిండాక పిలుపు బయటికి రాదమ్మా. కానీ పిలుస్తాం."

ఆ చివరి మాట అవ్వ చెవి దగ్గరికి వంగి చెప్పాను. రెండుసార్లు చెప్పాను.

అవ్వ ఏడవలేదు. దోసిలితో నీళ్లు తీసుకుని మొహం కడుక్కుంది. కొంగుతో ముందు ఆయన తల తుడిచింది, తర్వాత తన మొహం తుడుచుకుంది. లేచి, ఇసుక దులుపుకుని, బాపు దగ్గరికి నడిచింది.

"మోదుగాకులు ఎన్ని గావాల్నో అయ్యవారిని అడుగుండ్రి" అంది. "అన్నం సల్లారిపోతంది, పాండ్రి."

*

సినిమా సంగతి ఇక్కడే చెప్పేస్తాను. రెండేళ్ల తర్వాత హైదరాబాదులో సోవియట్ సినిమాల వారం జరిగినప్పుడు దాన్ని చూశాను. మా గోదావరి తెర మీద ఇంకా అందంగా ఉంది. మడుగులో వాగు సారు నోరు తెరిస్తే, ఎవరిదో గంభీరమైన గొంతు హాలంతా దద్దరిల్లేలా అరిచింది. పక్క సీటామె ఉలిక్కిపడింది. ఆ తర్వాత కూడా ఆయన చాలా ఏళ్లు బారన్లు, బ్యాంకర్లు, కర్నళ్లుగా చస్తూనే ఉన్నాడని పత్రికల్లో అప్పుడప్పుడు తెలిసేది. వాళ్ల దేశం వేరుపడ్డాక రీగాకు పోయివచ్చిన మా ప్రొఫెసరు ఒకాయన, అక్కడి నాటకశాలలో ఒక ముసలి జాలరి వేషం చూశానని చెప్పాడు. నటుడి పేరు చెప్పగానే నేను కుర్చీలో ముందుకు జరిగాను. "వేషం చిన్నదేనమ్మా. కానీ ఆయన నోరు విప్పగానే హాల్లో దగ్గేవాళ్లు కూడా ఆగిపోయారు" అన్నాడు.

*

ఫాల్గుణంలో మోదుగ చెట్ల మీద పువ్వే తప్ప ఆకు ఉండదు. విస్తర్లు కుట్టే లింగవ్వ తన ఇంట్లో దాచుకున్న ఎండాకులన్నీ గంపతో తెచ్చి మా వాకిట్లో దించింది. ఎంత అడిగినా డబ్బు తీసుకోలేదు. "బాలకిషన్ దొర నా చేతి విస్తర్లల్ల తిన్నడు" అంది. అవ్వ వాటిని రాత్రంతా తడిపి ఉంచింది.

తెల్లవారుతుండగా రేవులో కర్మ చేయించే అయ్యవారు దర్భలు పరిచి వాటి మీద ఆకులు పేర్చడం మొదలుపెట్టాడు. తల, భుజాలు, చేతులు. ఆడవాళ్లు ఉండకూడదని ఆయన గొణిగాడు గానీ అవ్వను పొమ్మనే ధైర్యం ఎవరికీ లేకపోయింది. ఆమె గంప పక్కనే కూర్చుని ఒక్కొక్క ఆకు అందించింది. కాళ్ల దగ్గరికి వచ్చేసరికి, "వాడు గంత పొట్టిగ ఉండడు. ఇంకిన్ని పెట్టుండ్రి" అంది. అయ్యవారు మారుమాట్లాడకుండా పెట్టాడు.

వాగు సారు వచ్చాడు. చెప్పులు దూరంగా విడిచి, ఇసుకలో చేతులు కట్టుకుని నిలబడ్డాడు. మరునాడే వాళ్ల ప్రయాణం. మంచు అప్పుడే విడుతోంది. నది గాజులా ఉంది. ఎక్కడో ఒక లకుముకి పిట్ట నీళ్లను గీరి పోయింది.

బాపు తడిబట్టలతో వచ్చి కూర్చున్నాడు. చేతికి దర్భ కట్టారు. అయ్యవారు మంత్రం చదువుతూ, "గోత్రం చెప్పుండ్రి" అన్నాడు. బాపు చెప్పాడు.

"పేరు."

బాపు నోరు తెరిచాడు. పెదవులు కదిలాయి. ఏమీ రాలేదు. మళ్లీ ప్రయత్నించాడు. మెడ నరాలు ఉబ్బాయి, మాట మాత్రం రాలేదు. అయ్యవారు చదవడం ఆపి ఎదురుచూశాడు. మేమంతా చూస్తున్నాం. బాపు తల నేలకు వంగిపోతోంది.

అవ్వ గంప పక్కనుంచి లేచింది. బాపు వెనకగా వచ్చి, ఆయన తడి వీపు మీద అరచేయి ఆనించింది. ఆయన్ను తాకనన్నట్టు అయిదేళ్లుగా దూరం జరిగిన చేయి అది. చేయి తీయకుండానే, తల ఎత్తి, నది వైపు చూస్తూ పిలిచింది.

"బాలకిషనూ..."

ఏడుపు కాదు. వేళ మించిపోతుంటే అన్నానికి పిలిచే పిలుపు. ఆ పిలుపు నీళ్ల మీదుగా సాఫీగా పోయింది. అవతలి ఒడ్డున పుచ్చపాదులకు కుండతో నీళ్లు పోస్తున్న ఆవిడెవరో నడుం ఎత్తి, తననేనా పిలుస్తున్నారని, కంటికి చేయి అడ్డం పెట్టుకుని మా వైపు చూసింది.